వెస్, ఇంకోసారి

"నువ్వు చచ్చిపోయావు," అంది మారిట్.

ఆమె వెస్‌తో అన్న మొదటి మాట అదే. అప్పుడతను భుజాల మీద తువ్వాలు కప్పుకుని, సరస్సులోకి వేసిన చెక్కల వంతెన అంచున కూర్చుని ఆపిల్ తింటున్నాడు.

"ఎప్పుడు?" అన్నాడు.

"ఇందాకే. మీ అమ్మకి ఫోన్ చెయ్యడానికి రోజర్ నంబరు వెతుకుతున్నాడు."

అతను నోట్లోది మింగి, ఆమె చూపించిన వైపు చూశాడు. వంతెన మొదట్లో ఒక పలక, పలక నిండా మేకులు, మేకులకి గుండ్రటి చెక్క బిళ్ళలు ఉన్నాయి. బిళ్ళకో పేరు. నీళ్ళలోకి దిగేవాళ్ళు తమ బిళ్ళని ఎర్రవైపు తిప్పాలి. బయటికొచ్చాక తెల్లవైపు తిప్పాలి. అన్నీ తెల్లగానే ఉన్నాయి. వెస్ నోవిట్స్కీ ఒక్కడే ఎర్రగా ఉన్నాడు.

"మర్చిపోయాను."

"నీలాంటివాడు ఒకడు మర్చిపోతే ముప్ఫై మంది నీళ్ళలో దిగి వెతకాలి. లే, తిప్పు."

అతను లేచి తిప్పాడు. వెనకనుంచి ఎవరో చప్పట్లు కొట్టారు. కెమెరామన్ బెన్నీ.

"అద్భుతంగా వచ్చింది. వెస్, ఇంకోసారి చేద్దామా? ఆపిల్ కొరుకుతున్నప్పుడు నీ మొహానికి చెయ్యి అడ్డొచ్చింది. మారిట్, నువ్వు ఆ మూలనుంచి నడిచొచ్చి మళ్ళీ అదే మాట అను."

"ఆపిల్ అయిపోవచ్చింది," అన్నాడు వెస్. "ఇంకోటి తెస్తా, ఉండు."

"నేను చెప్పాల్సింది చెప్పేశాను," అని మారిట్ పడవల షెడ్డు వైపు వెళ్ళిపోయింది.

వెస్ వంటింటికి వెళ్ళి ఇంకో ఆపిల్ తెచ్చుకుని, ఎవరూ తిట్టకుండానే తిట్లు తిన్నట్టు మొహం పెట్టి, మళ్ళీ తిన్నాడు.

ఉత్తర విస్కాన్సిన్‌లోని డనిగన్ అనే పిల్లల వేసవి క్యాంపు మీద ఆ ఏడు డాక్యుమెంటరీ తీస్తున్నారు. తీసేది ప్రిసిల్లా ఓట్స్ అనే ఆవిడ. వెంట బెన్నీ, రెండు కెమెరాలు, ఒక పాత వ్యాను. పిల్లలింకా రాకముందు, వాళ్ళని చూసుకునే కుర్ర కౌన్సిలర్లకి శిక్షణ జరిగే వారంలోనే వచ్చి దిగారు. వచ్చిన రోజే ప్రిసిల్లా అందరినీ భోజనాల హాల్లో కూర్చోబెట్టింది.

"ఇందులో నటులెవరూ లేరు. మీరు మీలాగే ఉండండి, చాలు. ఇంకో మాట. మీ గురించి తీసిందేదైనా మీకు నచ్చకపోతే క్యాంపు ముగిసేలోగా చెప్పండి. తీసేస్తాను. ఎందుకని అడగను."

ఆ పూటనుంచి డనిగన్‌లో ఎవరూ తమలాగా లేరు. క్యాంపు నడిపే రోజర్ రోజూ గడ్డం గీసుకోవడం మొదలుపెట్టాడు. ఇరవయ్యేళ్ళుగా పిల్లలమీద కేకలేస్తున్న వంటావిడ డోరిస్ వాళ్ళని "బంగారం" అని పిలిచింది. పిల్లలు బెదిరిపోయారు. లైఫ్‌గార్డ్ లెటీ పొద్దున్న ఆరింటి ఈతకి లిప్‌స్టిక్ వేసుకుని వచ్చింది.

మారిట్ ఎల్‌స్టాడ్ మాత్రం మారలేదు. ఆమెకి ఇరవై రెండేళ్ళు. తొమ్మిదో ఏటనుంచి ప్రతి వేసవీ అక్కడే గడిపింది. ఇప్పుడు సరస్సు ఒడ్డు మొత్తం ఆమె చేతికింద ఉంది. పడవలు, తెడ్లు, లైఫ్‌గార్డులు, బిళ్ళల పలక అన్నీ. ఎవరి మీదా గొంతు పెంచదు. పెంచితే బాగుండునని అందరూ అనుకుంటారు.

ఒక రోజు ప్రిసిల్లా ఆమెని అడిగింది, "ఒక్కసారి విజిల్ ఊదుతావా? నీ మొహం దగ్గరగా తీసుకుంటాను."

"ఇప్పుడా? నీళ్ళలో డెబ్భై మంది పిల్లలున్నారు."

"ఊరికే, షాటు కోసం."

"ఊరికే ఊదితే వాళ్ళకి ఊరికే అలవాటవుతుంది. పది నిమిషాలు ఆగండి, నిజంగానే ఊదుతాను. అప్పుడు తీసుకోండి."

ప్రిసిల్లా ఆగింది. ఆవిడకి ఆ పిల్ల నచ్చింది. ఇబ్బంది పెట్టేవాళ్ళంటే ఆవిడకి మొదటినుంచీ ఇష్టం.

వెస్ ఆమెకి పూర్తిగా వ్యతిరేకం. మిల్వాకీ కుర్రాడు, టీచరు కావాలని చదువుతున్నాడు, ఇరవై ఒకటి. అందరికంటే చిన్నపిల్లలున్న క్యాబిన్ అతనిది. బెన్నీ ఏది ఇంకోసారి అంటే అది ఇంకోసారి చేసేవాడు. ఒకే పడవని ఒకే గట్టు మీదికి రెండుసార్లు మోశాడు. ఒకే జోకుకి మూడోసారి కూడా కడుపు పట్టుకుని నవ్వాడు.

"ఇందులో నువ్వెవరు?" అని అడిగింది మారిట్ ఒక మధ్యాహ్నం, తెడ్లు లెక్కపెడుతూ. "మొదటిసారి నవ్వినవాడివా, మూడోసారి నవ్వినవాడివా?"

"పాపం బెన్నీ అడిగాడు కదా. చేస్తే నాదేం పోయింది?"

"మొదటిది పోయింది."

అతనికి జవాబు భోజనాల దగ్గర తట్టింది గాని, అప్పటికి ఆమె వేరే బల్ల దగ్గరుంది.

ఆమెకి అతనిలో నచ్చని విషయాలే ఉన్నాయని కాదు. అతని క్యాబిన్లో నీళ్ళంటే వణికిపోయే పిల్లవాడొకడు ఉంటే, వెస్ వారం పాటు వాడితో మోకాల్లోతు నీళ్ళలో కూర్చుని, తేలే బల్ల మీద పేకముక్కలు పరిచి ఆడాడు. రోజూ కాస్త లోపలికి జరిగి ఆడేవాడు. వారం అయ్యేసరికి పిల్లవాడు గడ్డం దాకా నీళ్ళలో ఉండి, వెస్ మోసం చేస్తున్నాడని అరుస్తున్నాడు. మారిట్ అదంతా చూసింది. ముక్కలు తడిసిపోయాయి, కొత్తవి కొని పెట్టమని మాత్రం చెప్పింది.

సాయంత్రాలు పిల్లలు ఒడ్డెక్కాక కౌన్సిలర్లు ఈతకి దిగేవారు. ఒంటరిగా దిగకూడదన్నది డనిగన్‌లో నియమం. ప్రతివాళ్ళకీ ఒక జత ఉండాలి. విజిల్ మోగగానే ఎక్కడున్నా సరే, జతవాళ్ళ చెయ్యి పట్టుకుని పైకెత్తాలి. ఎత్తిన చేతుల జతలు లెక్కపెడతారు. ఆ సాయంత్రం లెటీ ఒడ్డున కాపలా ఉంది. ఈతకి దిగినవాళ్ళలో ఒకరు జత లేకుండా మిగిలారు. అలా మారిట్‌కి వెస్ జత అయ్యాడు.

విజిల్ మోగింది. అతను ఆమె చెయ్యి పట్టుకున్నాడు. ఎత్తారు. లెటీ లెక్కపెట్టింది. ఎంత నిదానంగా లెక్కపెట్టిందంటే, సూర్యుడు ఆ మధ్యలో చెట్ల వెనక్కి దిగాడు. మళ్ళీ విజిల్ మోగింది.

"అయిపోయింది," అంది మారిట్.

"ఏంటి?"

"విజిల్. చెయ్యి వదలొచ్చు."

"వినపడలేదు. చెవుల్లో నీళ్ళు పోయాయి."

"రెండు చెవుల్లోనా?"

"రెండిట్లోనూ."

"అయితే నర్సు దగ్గరికి పో. చుక్కలు వేస్తుంది. మండుతుంది," అని చెయ్యి లాక్కుని ఈదుకుంటూ పోయింది. ఆమె మొహం అటు తిరిగి ఉంది కాబట్టి ఎలా ఉందో వెస్‌కి తెలియదు. ఒడ్డునున్న లెటీకి తెలుసు. ఆ విషయం లెటీ రాత్రికల్లా ముగ్గురికి చెప్పింది.

వాన పడింది ఆ తర్వాతి వారంలో. ఉదయంనుంచే మబ్బుగా ఉంది. వెస్ తన పిల్లల్ని ఈత ముగించి పైకి పంపించాడు. వాళ్ళ బిళ్ళలన్నీ సరిచూశాడు. తన బిళ్ళ కూడా తెల్లవైపు తిప్పాడు. ఈ మాట ఎవరడిగినా నిజమే. మొదటి రోజు తర్వాత అతనెప్పుడూ మర్చిపోలేదు.

"వెస్, ఇంకోసారి," అన్నాడు బెన్నీ. "లెన్సు మీద చుక్క పడింది. నీళ్ళలోంచి వచ్చి బిళ్ళ తిప్పడం, అంతే. చాలా బాగుంది ఆ షాటు."

వెస్ బిళ్ళని మళ్ళీ ఎర్రవైపు తిప్పి, నీళ్ళలోకి దిగి నిలబడ్డాడు. అప్పుడు పడింది వాన. సన్నగా మొదలై, ఎవరో పైనుంచి బకెట్టు బోర్లించినట్టు ఒక్కసారిగా దిగింది. బెన్నీ చొక్కా విప్పి కెమెరాకి చుట్టి పరుగెత్తాడు.

"వదిలెయ్, వదిలెయ్. ఊళ్ళోకి పోయి బ్యాటరీలు తెచ్చుకోవాలి. వస్తావా? నీకీ మధ్యాహ్నం సెలవేగా."

వెస్ నీళ్ళలోంచే అటు పరుగెత్తాడు. ఇద్దరూ వ్యానెక్కి వెళ్ళిపోయారు.

ఇంకోవైపు లోతు నీళ్ళలో పెద్ద పిల్లలున్నారు. వాన జోరు చూసి మారిట్ అందరినీ బయటికి పిలిచింది. అందరూ వచ్చారు. లెటీ పలక చూసింది. మళ్ళీ చూసింది.

"మారిట్, ఒకటి ఎర్రగా ఉంది."

"ఎవరిది?"

లెటీ పేరు చెప్పింది. మారిట్ అతని క్యాబిన్‌కి ఒకరిని, వంటింటికి ఒకరిని, నర్సు దగ్గరికి ఒకరిని పంపింది. వెళ్ళినవాళ్ళు వెళ్ళినట్టే వచ్చారు. అతన్నెవరూ చూడలేదు. మారిట్ సైరన్ మోగించింది.

సైరన్ మోగితే ఏం చెయ్యాలో డనిగన్‌లో అందరికీ తెలుసు. పిల్లల్ని భోజనాల హాల్లో కూర్చోబెట్టి పాటలు పాడిస్తారు. బయటి అలికిడి వినపడనంత గట్టిగా పాడించాలి. డోరిస్ గొంతు దానికి సరిపోతుంది. మిగిలిన పెద్దవాళ్ళంతా ఒకరి మోచేతిలో ఒకరు చెయ్యి వేసి, గొలుసులా నిలబడి, కాళ్ళతో అడుగు నేల తడుముకుంటూ ఒడ్డునుంచి లోపలికి నడుస్తారు. లోతు దగ్గర లైఫ్‌గార్డులు మునుగుతారు.

మారిట్ మునుగుతోంది. వాన నీళ్ళకి అడుగు కనిపించడం లేదు. చేతులతో తడమాలి. వంతెన చివర ప్రిసిల్లా ఒక చేత్తో గొడుగు, ఒక చేత్తో రెండో కెమెరా పట్టుకుని ఉంది. దించేద్దామని అనిపించిందని తర్వాత చెప్పింది గాని, దించలేదు.

మారిట్ వంతెన పక్కనే పైకి తేలింది. ఒక చేత్తో కొయ్య పట్టుకుంది. ఎవరినీ చూడలేదు.

"ఈ మనిషితో నేను ఒక్క మంచి మాట కూడా అనలేదు," అంది నీళ్ళతో. గుండెల నిండా ఊపిరి పీల్చి మళ్ళీ మునిగింది.

వ్యాను వచ్చి ఆగింది. వెస్ చేతిలో వేయించిన చీజ్ ముక్కల పొట్లం ఉంది. హాల్లోంచి పాట వినపడుతోంది.

"వానకి పాటలు పెట్టారు," అన్నాడు బెన్నీ.

"ఇంత గట్టిగానా," అన్నాడు వెస్. అంటూనే సరస్సు వైపు చూశాడు. గొలుసు కనిపించింది.

పొట్లం ఎక్కడ పడేశాడో అతనికే తెలియదు. బూట్లతోనే నీళ్ళలోకి దిగి, గొలుసు చివర ఖాళీ కనిపిస్తే పక్కవాడి మోచేతిలో చెయ్యి దూర్చాడు. పక్కవాడు ముందురోజే చేరిన గిన్నెలు కడిగే మనిషి, పేరు ఒమర్. అతనికింకా ఎవరూ సరిగ్గా తెలియదు.

"ఎవరు?" అన్నాడు వెస్. "పిల్లాడా?"

"కాదట. కౌన్సిలరు. వెస్సో ఏదో. పొడుగ్గా ఉంటాడట."

వెస్ నేల తడుముతూ ఇంకో రెండడుగులు వేశాడు. ఆ తర్వాత గాని అర్థం కాలేదు.

"అన్నా," అన్నాడు. "వెస్ నేనే."

ఒమర్ అతన్ని పైనుంచి కిందికి చూశాడు. "మరి ఇక్కడేం చేస్తున్నావు?"

ఆ ప్రశ్నకి జవాబు వెతుక్కునేలోగా మారిట్ పైకి తేలింది. నీళ్ళు తుడుచుకుని గొలుసు చివరిదాకా చూసింది. చూస్తూనే ఉంది. ఎవరూ కదలలేదు. ఆమె పరుగెత్తుకు రాలేదు, తిట్టలేదు. విజిల్ తీసి, వెతుకులాట ముగిసిందన్న గుర్తుగా ఊదింది. ఆ మోత మధ్యలో ఒకచోట తెగింది. ఒడ్డెక్కి పలక దగ్గరికి వెళ్ళి అతని బిళ్ళని తెల్లవైపు తిప్పింది. అక్కడినుంచి పడవల షెడ్డులోకి వెళ్ళి తలుపేసుకుంది.

రోజర్ గదిలో ఆ సాయంత్రం పంచాయితీ జరిగింది.

"తప్పు నాదే," అన్నాడు బెన్నీ. "నేనే అడిగాను."

"నువ్వడిగావు. తిప్పింది అతను," అంది మారిట్.

"పంపించెయ్యమంటావా?" అన్నాడు రోజర్.

ఆమె కిటికీలోంచి సరస్సు వైపు చూసింది. "పిల్లలకి అతను అలవాటయ్యాడు. ఉండనివ్వండి. నీళ్ళ దగ్గరికి మాత్రం రాకూడదు."

"మారిట్," అన్నాడు వెస్. "నన్ను క్షమించు. ఆ బిళ్ళ..."

"మేము ఆ బిళ్ళని నమ్ముతాం, వెస్. నువ్వు దాని చేత కెమెరా కోసం అబద్ధం చెప్పించావు," అని లేచి వెళ్ళిపోయింది.

ఆ తర్వాత ఆమె అతనితో మాట్లాడలేదు. ఈత వేళల్లో వెస్‌కి వంటింట్లో పని పడింది. ఒమర్ కడిగితే అతను తుడవాలి, అతను తోమితే ఒమర్ సర్దాలి.

ప్రిసిల్లా వంతెన దగ్గర తీసింది మారిట్‌కి చూపించింది. ఆవిడ పద్ధతి అది.

"ఇది నా సినిమాకి గుండెకాయ," అంది ప్రిసిల్లా.

"తీసెయ్యండి," అంది మారిట్.

"ఎందుకని అడగనన్నాను, అడగను. కానీ క్యాంపు ముగియడానికి ఇంకా టైముంది. ఆలోచించుకో."

"ఆలోచించే చెబుతున్నాను. అక్కడ ఎవరూ లేరనుకుని అన్నాను నేనది."

ప్రిసిల్లా మాట తప్పే మనిషి కాదు. కానీ మాట తప్పకుండా దారి వెతికే మనిషి. మర్నాడు హెడ్‌ఫోన్లు, చిన్న తెర పట్టుకుని వంటింట్లోకి వెళ్ళింది. వెస్ మోచేతులదాకా నురగలో ఉన్నాడు.

"నీకోసం వెతుకుతున్నప్పుడు మారిట్ ఒక మాట అంది. ఇందులో ఉంది. తీసెయ్యమంటోంది. నువ్వొకసారి వింటే నువ్వే వెళ్ళి ఆమెని ఒప్పిస్తావు."

వెస్ చేతులు తుడుచుకున్నాడు. హెడ్‌ఫోన్లు అందుకోలేదు.

"నాతో అందా?"

"నీ గురించి అంది."

"నాతో కాదు కదా. వద్దు మేడమ్."

"ఒక్క వాక్యం బాబూ. విని చెప్పు, వద్దంటే వద్దు."

"విన్నాక వద్దనడానికి ఏముంటుంది? విన్నాను కదా అప్పటికే." మళ్ళీ నురగలోకి చేతులు పెట్టాడు. "మీరు ఏమడిగినా ఇన్నాళ్ళూ కాదనలేదు. ఇది మాత్రం నావల్ల కాదు."

ఆవిడ వెళ్ళాక ఒమర్ అడిగాడు, "ఏమని ఉంటుందంటావు?"

"ఏమంటుంది, తిట్టి ఉంటుంది," అన్నాడు వెస్. "ఆ పెనం ఇటివ్వు."

ప్రిసిల్లా హెడ్‌ఫోన్లతో వంటింట్లోకి వెళ్ళడం లెటీ చూసింది. బయటికి రావడం చూడలేదు. సగం చూసిన విషయాలు చెప్పడంలో లెటీ దిట్ట. సాయంత్రానికి మారిట్ చెవిన పడింది: వెస్ విన్నాడట.

మారిట్‌కి నిద్ర పట్టలేదు. అతనిమీద కోపం ఒక పక్క. ఆ కోపం కంటే, తను చెప్పుకోవాల్సిన మాట తను చెప్పకుండానే అతనికి చేరిపోయిందన్న చిన్నతనం ఇంకో పక్క. ఇక అతని ఎదట ఏం మాట్లాడినా అది రెండో మాటే అవుతుంది. అలా క్యాంపు ఆఖరి వారందాకా అతను ఎదురైనప్పుడల్లా పక్కకి తప్పుకుంది.

ఆఖరి రోజు ఉదయం పిల్లలు బస్సుల్లో వెళ్ళిపోయారు. క్యాంపు ఒక్కసారిగా పెద్దదైనట్టనిపించింది. వెస్ వంటింటి వెనక పెద్ద సూపు గిన్నెలు బోర్లించి తోముతున్నాడు. వాటిని మళ్ళీ వచ్చే వేసవి దాకా ఎవరూ ముట్టరు. అతను అడుగు కూడా తోముతున్నాడు.

మారిట్ వచ్చి నిలబడింది.

"విన్నావుగా," అంది. "నవ్వుకున్నావా?"

వెస్ తలెత్తాడు. "ఏంటి వినడం?"

"ప్రిసిల్లా వినిపించిందిగా నీకు."

"తెచ్చారు. నేను వినలేదు."

"చాల్లే. బెన్నీ అడిగితే ఒకే పడవని రెండుసార్లు మోసినవాడివి. ఆవిడ అడిగితే వద్దన్నావా?"

"అన్నాను. అయినా దాంట్లో వినడానికి కొత్తగా ఏముంది? నువ్వు తిట్టే తిట్లు నేరుగా నువ్వుండగానే వింటున్నాను. మళ్ళీ హెడ్‌ఫోన్లు పెట్టుకుని వినాలా?"

ఆమె అతని మొహంలోకి చూసింది. "తిట్లా?"

"కాదా? బాగా పెద్ద బూతే అయ్యుంటుంది. పిల్లలు చూసే సినిమా కదా, అందుకే తీసెయ్యమంటున్నావనుకున్నా. నేనూ, ఒమర్ పందెం కూడా కాశాం, ఏ బూతు అని. అతనికి ఇంగ్లీషులో రెండే వచ్చు. రెంటిమీదా కాశాడు."

మారిట్ నవ్వింది. డనిగన్‌లో ఆమె నవ్వడం కొత్తేం కాదు. కానీ ఇలా నవ్వడం, పక్కనున్న చెక్క పెట్టె మీద కూలబడి, మొహం చేతుల్లో దాచుకుని నవ్వడం వెస్ చూడలేదు. నవ్వి నవ్వి కళ్ళు తుడుచుకుంది. తుడుచుకోవడం కొంచెం ఎక్కువసేపే సాగింది. వెస్ నురగ చేతులతో ఏం చెయ్యాలో తోచక నిలబడ్డాడు.

"కూర్చో," అంది.

అతను బోర్లించిన గిన్నె మీద కూర్చున్నాడు.

"గిన్నెలు శుభ్రంగా తోముతావు," అంది మారిట్.

వెస్ ఇంకా ఏమైనా వస్తుందేమోనని చూశాడు. సాధారణంగా ఇలాంటి వాక్యం తర్వాత 'కానీ' అని వస్తుంది. రాలేదు.

"ఒంట్లో బాగానే ఉందా?" అన్నాడు.

"మాట్లాడకు. మధ్యలో ఆపితే మళ్ళీ చెప్పలేను." ఆమె దూరంగా చెట్ల వైపు చూస్తూ, అప్పజెప్పినట్టు చెప్పింది. "నీ పిల్లలు వేరే క్యాబిన్ల పిల్లల్లా రాత్రిళ్ళు ఏడవరు. నాకు తెలుసు, నేను రోజూ ఆ పక్కగా వెళ్ళేదాన్ని. ఆ పని నాది కాదు. అయినా వెళ్ళేదాన్ని. నీకు పాడటం రాదు. రాదని నీకు తెలిసీ వాళ్ళకోసం పాడతావు. అది కూడా బాగుంటుంది. పాట కాదు. పాడటం."

ఊపిరి తీసుకుంది.

"నిన్ను నీళ్ళ దగ్గరికి రావద్దన్నది న్యాయమే. మళ్ళీ అయినా అదే అంటాను. కానీ నువ్వు లేకుండా ఆ ఒడ్డు బాలేదు."

వెస్ చేతిలోని పీచు పక్కన పెట్టాడు. ఒక్క నవ్వు కూడా నవ్వలేదు. ఆమెకి అది నచ్చింది.

"నేనూ ఒకటి చెప్పనా?" అన్నాడు.

"చెప్పు."

"ఆ రోజు నా చెవుల్లో నీళ్ళేం పోలేదు."

"తెలుసు."

"తెలిసే నర్సు దగ్గరికి పంపావా?"

"వెళ్ళావా?"

"వెళ్ళాను. రెండు చెవుల్లోనూ చుక్కలు వేసింది. నిజంగానే మండింది."

ఆమె లేచి వచ్చి గిన్నె మీద అతని పక్కన కూర్చుంది. సూపు గిన్నె పెద్దదే, ఇద్దరికీ సరిపోయింది. అతని చెయ్యి ఇంకా నురగగానే ఉంది. అయినా పట్టుకుంది. ఈసారి లెక్కపెట్టేవాళ్ళు ఎవరూ లేరు.

"ప్రిసిల్లాకి దాన్ని ఉంచమని చెబుతాను," అంది కాసేపటికి. "ఇప్పుడుంటే నాకేం ఫరవాలేదు."

"ఏమన్నావసలు?"

"సినిమాలో విందువుగాని."

"అదెప్పుడో చలికాలంలో గాని రాదట."

"అయితే చలికాలంలో విందువుగాని."

వంటింటి మూలనుంచి బెన్నీ తల బయటికి పెట్టాడు. చేతిలో కెమెరా ఉంది. నోరు తెరవబోయాడు. వెనకనుంచి ఒమర్ అతని కాలరు పట్టి లోపలికి లాక్కుపోయాడు.

చలికాలం వచ్చింది. మారిట్ ఉత్తరాన దులూత్ ఊళ్ళో ఉద్యోగంలో చేరింది. ఒక శనివారం అతను ఉత్తరానికి, ఒక శనివారం ఆమె దక్షిణానికి, మంచు కురవని శనివారాలన్నీ ఇద్దరూ ప్రయాణాల్లోనే గడిపారు. మిగతా రోజుల్లో టెలిఫోన్లో మామూలుగా దెబ్బలాడుకునేవారు. అతను ఎన్నిసార్లడిగినా ఆమె ఆ వాక్యం చెప్పలేదు.

మిల్వాకీలో ఒక చిన్న హాల్లో సినిమా మొదటిసారి వేశారు. రోజర్ టై కట్టుకుని వచ్చాడు. డోరిస్ తెర మీద తనని చూసుకుని, "బంగారం అన్నానా నేను?" అని గట్టిగానే అడిగింది. వెస్‌కి ఒక పక్క మారిట్, ఒక పక్క వాళ్ళమ్మ బార్బరా కూర్చున్నారు.

తెర మీద వాన మొదలైంది. గొలుసు నీళ్ళలోకి నడిచింది. వెస్ పేరు వినపడగానే వాళ్ళమ్మ అతని మోచేతి మీద ఒక్కటేసింది.

"నాకు చెప్పనే లేదు."

"బతికే ఉన్నాను కదమ్మా."

"అది నేనిప్పుడు చూస్తున్నాను. నాలుగు నెలల కింద చెప్పాల్సింది." వంగి అతని మీదుగా మారిట్‌ని చూసింది. "నువ్వేనామ్మా వీడికోసం మునిగింది?"

"నేనేనండి."

"రేపు మధ్యాహ్నం భోజనానికి మా ఇంటికి రా. వీడు రాకపోయినా ఫరవాలేదు."

తెర మీద మారిట్ వంతెన పక్కన పైకి తేలింది. కొయ్య పట్టుకుంది. జుట్టు మొహానికి అంటుకుపోయి ఉంది.

"ఈ మనిషితో నేను ఒక్క మంచి మాట కూడా అనలేదు," అంది తెర మీద మారిట్.

వెస్ చీకట్లో పక్కకి తిరిగాడు.

"ఇదేనా?" అన్నాడు గుసగుసగా.

"ఇదే."

"ఇంతేనా? నన్ను ప్రేమిస్తున్నానని అన్నావేమో అనుకున్నా ఇన్నాళ్ళూ."

తెర మీద ఆమె గుండెల నిండా ఊపిరి పీల్చి మళ్ళీ నీళ్ళలో మునిగింది. పక్క సీట్లో ఆమె కోటు సర్దుకుంది.

"అదే అన్నాను," అంది. "సినిమా చూడు."